తగ్గించిన మూడేళ్ళు

వార్డు ఆఫీసు మనిషి వచ్చేసరికి కోటిబాబు హాల్లో రింగుల కింద నిలబడి వాటి ఊపు ఆపుతున్నాడు. ఒకడు దిగాక ఇంకొకడు ఎక్కేలోపు ఆ రెండు కొయ్య రింగుల్నీ చేతులతో పట్టి, పట్టీలు తిన్నగా వేలాడేలా వదలాలి. చూసేవాళ్ళకి అదొక పనిలా కనిపించదు. రింగు ఒక్క వేలెడు ఊగినా సరే, పైనున్నవాడి భుజం దానికి జవాబు చెప్పుకోవాలి. ఈ ఆటలో గొప్పంతా కదలకపోవడంలోనే ఉంది. చేతులు రెండూ పక్కలకి బారచాపి, ఒళ్ళంతా గాలిలో నిలిపి, రెండు సెకన్లు ఉండాలి. దాన్ని క్రాస్ అంటారు. ఆ రెండు సెకన్ల కోసం కోటిబాబు పాతికేళ్ళు ఖర్చుపెట్టాడు. పెళ్ళి మాట ఎత్తనిచ్చేవాడు కాడు. రింగులకే తాళి కట్టేశాడని రంగూన్ నగరపు మింగళ తౌంగ్‌న్యున్‌లో వాళ్ళ వీధి ఆడవాళ్ళు వేళాకోళమాడేవారు.

కుర్రాళ్ళ పోటీల్లో ఒకసారి, పెద్దల పోటీల్లో ఐదుసార్లు అతను దేశపు ఛాంపియన్. ఎడమ భుజంలో కండ చిరిగాక పోటీలు మానేసి, చిమిండైంగ్ బజారు వెనక ఏటి ఒడ్డున క్రీడా సంఘం తరఫున తన గురువు, శిష్యులంతా బర్మా భాషలో సయా అని పిలిచే రాజమోహన్, నడుపుతున్న ఈ హాల్లో నేర్పుతున్నాడు. ఒకప్పుడు అది బియ్యం గోదాము. ఇప్పటికీ వాన కురిస్తే గోడల్లోంచి తవుడు వాసన వస్తుంది.

"కో మిన్ తు ఎవరు?" అని వచ్చినవాడు బర్మా భాషలో అడిగాడు.

గుర్తింపు కార్డు మీద కోటిబాబు పేరు మిన్ తు; ముందున్న 'కో' మర్యాదకి, పెద్దవాళ్ళకైతే 'ఊ', ఆడవాళ్ళకైతే 'డా' అన్నట్టు. రంగూన్ తెలుగిళ్ళలో చాలామందికి ఇంటికొక పేరు, కాగితానికొక పేరు. "నేనే," అన్నాడు సుద్దపొడి చేతులు దులుపుకుంటూ.

"సైన్యానికి చీటీలు తీశారు. నీ పేరు వచ్చింది. మంగళవారం పొద్దున తన్లిన్‌లో వైద్య పరీక్ష. అందులో నెగ్గితే అటునుంచి అటే సైన్యం శిబిరానికి. రెండు జతల బట్టలు తెచ్చుకోమన్నారు." ఆ మనిషి పెళ్ళి పిలుపు ఇచ్చినంత మర్యాదగా కాగితం చేతికిచ్చి, గోడ మీది ఫోటోలు కాసేపు చూసి, వెళ్ళిపోయాడు.

కోటిబాబు కాగితం రెండుసార్లు చదివాడు. సైన్యానికి పిలిచే వయసు ముప్పై ఐదుతో ఆఖరు. కాగితంలో మిన్ తు వయసు ముప్పై నాలుగు అని ఉంది. కార్డులోనూ అంతే. కానీ కోటిబాబుకి ముప్పై ఏడు నిండాయి. ఆ సంగతి తెలిసినవాళ్ళు భూమ్మీద ముగ్గురే: అతను, అతని తల్లి, రాజమోహన్.

మర్నాడు పొద్దున తల్లి చిలకమ్మ దేవుడి పటాల వెనక చెయ్యి పెట్టి, ఎర్ర గుడ్డలో చుట్టిన తాటాకు తీసింది. బర్మావాళ్ళు బిడ్డ పుట్టగానే జోస్యుడి చేత జాతకం తాటాకు మీద గీయించి దాచుకుంటారు. ఇరుగుపొరుగు చేయిస్తుంటే చిలకమ్మా చేయించింది. తెలుగు దేవుడి వెనక బర్మా జాతకం పెట్టి, రెండింటికీ కలిపే పసుపు రాసింది. ఆకు మీద గుండ్రటి అక్షరాలు ఆ పసుపుకే ఇంకా స్పష్టంగా తేలాయి. బర్మా సంవత్సరం పదమూడు వందల యాభై అని ఉంది. కార్డు లెక్క ప్రకారమైతే యాభై మూడు అని ఉండాలి.

"ఈదుల్లో తుపాకులు పేల్తన్న నెల్లో పుట్నావు," అంది చిలకమ్మ. "ఆసుపత్రికి ఎల్లడానికి దారి నేదు. ఇంట్లోనే కన్నాను. ఆ గొడవలో నీ పుటక రాసీ నాధుడు ఎవడున్నాడు? ఈ ఆకొక్కటే."

"మరి ఆ రోజు సయా తొమ్మిదని రాస్తే నువ్వెందుకమ్మా వేలిముద్ర ఏసినావు?"

"పన్నెండేళ్ళోడివి, తొమ్మిదేళ్ళోడి నాగుండీవోడివి. తిండేది మరి? పదేళ్ళు దాటినోల్ని హాల్లో సేర్చుకోరన్నారు. సేరితే రోజూ గుడ్డూ, పాలూ ఎడతారన్నారు." ఆమె తాటాకుని గుడ్డలో మళ్ళీ చుట్టింది. "గుడ్డు కోసం ఏసినాను నాయనా. నాకేటి తెల్సు."

అంతే జరిగింది. ముందు హాలు కాగితం పుట్టింది. దాన్ని చూసి కార్డు పుట్టింది. కార్డుని చూసి పోటీల్లో వయసు పుట్టింది. పదహారేళ్ళని చెప్పి కుర్రాళ్ళ పతకం గెలిచిన రోజున అతనికి పందొమ్మిది. మిగతా పిల్లలు క్రాస్‌లో వణికిపోతుంటే అతనొక్కడూ మేకు కొట్టినట్టు నిలిచాడు. నిలవడా మరి? మూడేళ్ళ కండ అదనంగా ఉందాయె. ఆ తరవాతి ఐదు పతకాలూ మాత్రం ఇంకెవరి సొమ్మూ కాదు. పెద్దల పోటీల్లో వయసు అడిగేవాడు లేడు. ఆ ఐదింటినీ తలుచుకుని అతను ఆ మొదటిదాన్ని మరిచిపోతూ వచ్చాడు.

తాటాకు చంకలో పెట్టుకుని హాలుకి వెళ్ళాడు. రాజమోహన్ పిల్లలెవరూ రాకముందే వచ్చి, చాప మీద కూర్చుని తోలు పట్టీలకి కుట్లు వేస్తున్నాడు. డెబ్భై ఏళ్ళ మనిషి. పిల్లల్ని నడుం పట్టి రింగులకి ఎత్తి ఎత్తి ఆయన నడుమే వంగిపోయింది. సంగతంతా విన్నాక సూది ఆపాడు.

"అసోసియేసన్‌కి ఎల్లి వయసు తప్పని ఒప్పుకుంటే, ఆల్లు ఉత్తరం ఇస్తారు. ఆ ఉత్తరం వార్డులో సూపిస్తే పేరు తీసెయ్యొచ్చు. అదేనా నువ్వనీది?"

"అవును సయా. కానీ తొమ్మిదని రాసింది మీరు. మీ పేరు సెప్పకుండా..."

"నా పేరు సెప్పకుండా ఎలా సెప్తావురా? రాత నాది, సంతకం నాది." సూదిని మళ్ళీ తోల్లోకి దించి, లాగలేక వదిలేశాడు. "ఈ హాలు తీసేసుకుంటారు. నీ పతకాలు కొట్టేస్తారు. ఆరూ."

"ఐదు నాయమైనవే కదా."

"తప్పుడు కాగితం మీద పెరిగిన పేరుకి నాయమైన పతకం ఏటుంటాది? ఆల్ల రూల్సు నాకు తెల్సు. ముప్పై ఏళ్ళు ఆల్ల దగ్గర పని సేసినాను."

బయట బజారులో చేపలవాళ్ళు మంచు పగలగొడుతున్న చప్పుడు వినిపిస్తోంది. కోటిబాబుకి ఆ క్షణంలో తన మీద తనకే అసహ్యం వేసింది. ఈయన ఎత్తకపోతే తను రింగు అందుకునేవాడే కాదు. ఇప్పుడు తన ప్రాణం కోసం ఈయన బతుకు అడగడానికి వచ్చాడు.

"పోనీ నెండి సయా. ఎల్తాను. అందరూ ఎల్తన్నారు కదా."

"ఎల్లినోల్లు ఎందరొచ్చినారు?" అన్నాడు రాజమోహన్. పట్టీ పక్కన పెట్టి, మోకాళ్ళ మీద చేతులాన్చి లేచాడు. "రేపు పొద్దున తొమ్మిదికి. నానూ వస్తాను. ఇస్త్రీ సొక్కా ఏసుకుని రా."

క్రీడా సంఘం కార్యదర్శి డా తిన్ తిన్ ఒకప్పుడు పోటీల్లో న్యాయనిర్ణేతగా ఉండేది. రాజమోహన్‌ని చూసి లేచి నిలబడింది. ఆయన కూర్చోలేదు. నిలబడే, శుభ్రమైన బర్మా భాషలో, ఒక్క మాటా మింగకుండా చెప్పాడు. పిల్లవాడి వయసు తను తగ్గించి రాశాననీ, తల్లికి చదువు రాదనీ, పిల్లవాడికి ఏమీ తెలియదనీ అన్నాడు. ఆఖరి ముక్క అబద్ధం. పన్నెండేళ్ళవాడికి తను పన్నెండేళ్ళవాడినని తెలియదా? కోటిబాబు తల దించుకుని ఊరుకున్నాడు.

డా తిన్ తిన్ తాటాకుని రెండు చేతులతో అందుకుంది. బౌద్ధురాలు; జాతకమంటే ఆమెకి భక్తి. కిటికీ దగ్గరికి తీసుకువెళ్ళి, వెలుగులో పెట్టి చదివి, జోస్యుడి పేరు చూసి, అటువంటివాళ్ళు ఇప్పుడు లేరంది. ఆకు నిజమైనదే అనడానికి ఆమెకి ఇంకో రుజువు అక్కర్లేకపోయింది. మధ్యాహ్నం దాకా బయట బెంచీ మీద కూర్చోబెట్టి, లోపల ఇద్దరు సభ్యులతో మాట్లాడి, ఉత్తరం టైపు చేయించింది.

ఇచ్చేటప్పుడు ఆమె మొహం బాగా లేదు. "మీ ఇద్దరికీ నేను చేయగలిగింది ఇంతే. కో మిన్ తు వయసు మా పుస్తకాల్లో తప్పుగా ఉందని రాశాను. అతను పతకాలన్నీ తిరిగి ఇచ్చేస్తున్నాడనీ రాశాను. అది రాయకుండా మొదటిది సభ్యులు రాయనివ్వలేదు. సయా, మీ శిక్షకుడి కార్డు..."

రాజమోహన్ అప్పటికే జేబులోంచి కార్డు తీసి బల్ల మీద పెట్టాడు. దాని పక్కన హాలు తాళంచెవీ పెట్టాడు.

"ఇది పనికొస్తుందా?" అని కోటిబాబు ఉత్తరం పట్టుకుని అడిగాడు.

"ఎందుకు పనికిరాదు? సంఘం ముద్ర ఉంది," అంది ఆమె. ఆమె నిజంగానే నమ్మింది.

శనివారం నాడు సంఘం లారీ వచ్చింది. ఇద్దరు మనుషులు నిచ్చెన వేసుకుని రింగులు దింపారు. చాపలు చుట్టారు. సుద్దపొడి డబ్బా కూడా ఎత్తుకుపోయారు. గోడ మీద ఫోటోలు సంఘానివి కావు గనక వదిలేశారు. కోటిబాబు ఆరు పతకాలూ తల్లి చీర ముక్కలో మూటగట్టి లారీ డ్రైవరు పక్క సీట్లో పెట్టాడు. డ్రైవరు సంతకం పెట్టించుకున్నాడు. లారీ వీధి మలుపు తిరిగేదాకా చూసి, గురువూ శిష్యుడూ ఎవరి ఇంటికి వాళ్ళు వెళ్ళిపోయారు. పోతే పోయాయి, మనిషి మిగిలాడు అనుకుని చిలకమ్మ ఆ రాత్రి అమ్మవారికి దీపం పెట్టింది. కోటిబాబూ ఆదివారమంతా అదే అనుకున్నాడు. బతికుంటే బలుసాకు తినొచ్చునన్న సామెత తల్లి నాలుగుసార్లు అంటే నాలుగుసార్లూ తల ఊపాడు.

సోమవారం వార్డు ఆఫీసు తలుపు తీయగానే ఉత్తరమూ తాటాకూ గుమస్తా ఊ మౌంగ్ మౌంగ్ ముందు పెట్టాడు. చెడ్డ మనిషి కాదు. ముందు టీ ఇప్పించాడు. కళ్ళద్దాలు తుడుచుకుని ఉత్తరం రెండు పేజీలూ నిదానంగా చదివాడు. తాటాకుని మాత్రం విప్పకుండానే పక్కకి జరిపాడు.

"ఇది జాతకం. నా ఇంట్లోనూ ఉంది. ఇది కాగితం కాదు."

"ఉత్తరం ఉంది కదండీ. సంఘం ముద్ర ఉంది."

"వాళ్ళ పుస్తకంలో నీ వయసు తప్పని రాశారు. సరే. వాళ్ళ పుస్తకం వాళ్ళిష్టం. నీ కార్డు తప్పని చెప్పే అధికారం వాళ్ళకి లేదు. కార్డు మార్చుకోవాలంటే కోర్టు ఉంది. ఏడాది పడుతుంది. అప్పటిదాకా నీకు ముప్పై నాలుగే."

"నాకు ముప్పై ఏడండీ. నా తల్లి బతికే ఉంది. ఆమెని తీసుకొస్తాను."

ఊ మౌంగ్ మౌంగ్ ఉత్తరంలో ఒక వరుస కింద వేలు పెట్టాడు. "ఇదిగో, పాతికేళ్ళ కిందట మీవాళ్ళు తప్పుడు వయసు రాయించారని మీరే ఒప్పుకున్నారు. అప్పుడు లాభం ఉందని మూడేళ్ళు తగ్గించారు. ఇప్పుడు లాభం ఉందని మూడేళ్ళు పెంచమంటున్నారు. అప్పుడు అబద్ధమాడినవాళ్ళు ఇప్పుడు నిజం చెబుతున్నారని నేనెలా నమ్మను?" అతని గొంతులో కోపం లేదు. లెక్కల మాస్టారిలా అడిగాడు. తరవాత ఉత్తరాన్ని మిన్ తు ఫైలులో పెట్టి దారం కట్టేశాడు.

"ఆ ఉత్తరం తిరిగి ఇచ్చెయ్యండి," అన్నాడు కోటిబాబు.

"ఫైల్లోకి వచ్చింది కదా, ఇంక రాదు. తాటాకు తీసుకెళ్ళు."

అలా ఒక బల్ల దగ్గర ముప్పై ఏడేళ్ళవాడై ఉన్నదంతా ఇచ్చుకున్నాడు. ఇంకో బల్ల దగ్గర ముప్పై నాలుగేళ్ళవాడై పట్టుబడ్డాడు. రెండు బల్లల మధ్య బస్సులో అరగంట దూరం. ఎవరిని తిట్టాలో కూడా తెలియలేదు. ఒకరు నమ్మి ముంచారు, ఒకరు నమ్మక ముంచారు. ఇంటికి వెళ్ళి తల్లి మొహం చూడలేక, కాళ్ళు అలవాటు కొద్దీ చిమిండైంగ్ వైపు లాగితే అటే పోయాడు.

హాలు తలుపుకి సంఘం తాళం ఉంది. మెట్ల మీద రాజమోహన్ కూర్చుని ఉన్నాడు. తాళం పడ్డ తలుపు ముందు ఆయన కూడా అలవాటు కొద్దీ వచ్చి కూర్చున్నాడు. కోటిబాబు జరిగిందంతా చెబితే విన్నాడు. జేబులోంచి వక్క తీసి, నోట్లో వేసుకోకుండా చేతిలోనే నలిపాడు.

"రేపటి పరీక్షలో ఏటి సేయిస్తారో కనుక్కున్నాను," అన్నాడు చివరికి. "మా ఎనకింటి కుర్రోడు మొన్న ఎల్లినాడు. బరువూ, ఎత్తూ, కళ్ళూ. ఆకర్న ఒక కమ్మీకి ఏలాడమంటారు. ఒక్క నిమసం. అంతలోపల పడిపోయినోల్ని పక్కకి పంపి డాక్టరు సేత సూపిస్తన్నారంట. నీ ఎడం బుజం సూస్తే ఏ డాక్టరన్నా ఇంటికి పొమ్మంటాడు. నువ్వు సెయ్యాల్సింది ఒక్కటే. పడిపోవాల."

"పడిపోతే సాలా?"

"సాలు. కానీ నీకు రాదు." రాజమోహన్ లేచాడు. "రా, నేర్పుతాను."

గోదాము పక్క సందులో, పాత రోజుల్లో బస్తాలు దింపడానికి గోడలోకి దిగేసిన ఇనుప దూలం ఒకటి ఉంది. కోటిబాబు ఎగిరి దాన్ని పట్టుకున్నాడు. పట్టుకోగానే అతని కాళ్ళు రెండూ ఒకదానికొకటి అంటుకున్నాయి, మడమలు కలిశాయి, బొటనవేళ్ళు నేల వైపు సాగాయి, కడుపు లోపలికి పోయింది.

"సూడు. ఇదే వొద్దనీది. కాళ్ళు ఇడదియ్. ఒళ్ళు బస్తానాగ ఏలాడాల. తన్నుకో."

కోటిబాబు కాళ్ళు విడదీశాడు. రెండు క్షణాల్లో అవే కలిసిపోయాయి.

"మొకం. మొకంలో నొప్పి రావాల. నీకు నొప్పి లేదేటి?"

"ఉంది సయా. బుజంలో సూదులు గుచ్చినట్టుంది."

"మరి మొకానికి తెలీనేదేం? అయ్యో, నానే కదా సెరిపేసినాను," అన్నాడు రాజమోహన్. చిన్నప్పుడు నొప్పికి మొహం చిట్లిస్తే ఆయన వెదురుబద్దతో పిక్క మీద ఒకటి తగిలించేవాడు. నొప్పి నీది, న్యాయనిర్ణేతకి చూపించకు అనేవాడు. ఇప్పుడు అదే మనిషి కింద నిలబడి మొహం వంకర్లు తిప్పుతూ, నోరు తెరుస్తూ, ఇలా ఏడువు, ఇలా కేకెయ్ అని చేసి చూపిస్తున్నాడు. సందులోంచి పోతున్న కూరగాయలామె ఆగి నవ్వింది. ఆయనకి నవ్వు రాలేదు. "పద్దెనిమిది లెక్కెడతాను. పద్దెనిమిదికి సేతి ఏళ్ళు ఇప్పెయ్. ముందు ఎడం సెయ్యి, తరవాత కుడి. పక్కకి పడు. కాళ్ళ మీద దిగీకు."

పదహారుసార్లు చేశారు. పదిహేనుసార్లు పద్దెనిమిది దాటిపోయాక కానీ వేళ్ళు విప్పుకోలేదు. విప్పుకున్నా రెండు పాదాలూ ఒక్కసారే నేలకి తాకాయి. పదహారోసారి ఎడమ చెయ్యి అంకె మీదే జారింది. కోటిబాబు మట్టిలో పక్కకి పడి, మోచెయ్యి గీసుకుని, కాసేపు లేవలేదు. అతను పడితే రాజమోహన్ మొహం వెలగడం ఆ పాతికేళ్ళలో అదే మొదటిసారి. "అదీ. అది గుర్తెట్టుకో," అన్నాడు. మట్టి దులుపుతూ, శిష్యుడికి కనబడకుండా కళ్ళు తుడుచుకున్నాడు.

మంగళవారం బస్సు వంతెన దాటి తన్లిన్‌లో దింపేసరికి ఎనిమిదైంది. ఒక ఖాళీ బడి ఆవరణలో పరీక్ష. చుట్టూ తీగల కంచె. కంచెకి ఇవతల తల్లులు, భార్యలు, వాళ్ళ మధ్య రాజమోహన్. చిలకమ్మని రావద్దని ఇద్దరూ ఒప్పించారు. లోపల నూట ముప్పైమంది వరసలో నిలబడ్డారు. అందరూ చిన్నవాళ్ళే. బరువు చూశారు, ఎత్తు చూశారు, గోడ మీద అక్షరాలు చదివించారు. భుజం సంగతి చెప్పబోతే, అదంతా కమ్మీ దగ్గర తేలుతుందన్నారు.

కమ్మీ దగ్గర బల్ల వేసుకుని ఒక సార్జెంటు, పక్కన గడియారం పట్టుకున్న కుర్ర సిపాయి ఉన్నారు. కోటిబాబు ముందు నిలబడ్డవాడు నలభైకి జారిపడ్డాడు, నిజంగానే. వాడిని పక్కకి తీసుకెళ్ళారు. సార్జెంటు మిన్ తు ఫైలు దారం విప్పి, పైనున్న ఉత్తరం చూసి, కనుబొమలు ఎగరేసి, సిపాయికి వినబడేలా చదివాడు. ఆరుసార్లు ఛాంపియన్ అనిపించుకున్నాడట. వయసు దాచి మోసం చేశాడట. అన్నీ లాగేసుకున్నారట. సిపాయి నవ్వాడు. వరసలో నలుగురైదుగురు నవ్వారు.

"ఎక్కు ఛాంపియన్," అన్నాడు సార్జెంటు.

ఎగిరి పట్టుకున్నాడు. కాళ్ళు విడదీశాడు. ఒళ్ళు బస్తాలా వదిలాడు. సిపాయి పైకి లెక్కపెడుతున్నాడు. పది దగ్గర ఎడమ భుజం మండడం మొదలైంది. మంట రానీ అనుకున్నాడు, మొహంలోకి రానీ. పదిహేను. వెనక ఎవడో అంటున్నాడు, ముసలోడు పడిపోతాడు చూడు, పతకాలన్నీ దొంగవే కదా అని. పదహారు. పదిహేడు. ఎడమ చేతి వేళ్ళకి విప్పుకోమని చెప్పాడు. చెప్పానని తరవాత ఎన్నాళ్ళయినా ప్రమాణం చేసి చెప్పగలడు. వేళ్ళు వినలేదు. వినలేదో, వినవద్దని లోపల ఇంకెవడో చెప్పాడో అతనికి తెలియదు. తెలిసిందల్లా ఒకటే: తన సొమ్మని చెప్పుకోవడానికి లోకంలో మిగిలింది ఈ పట్టు ఒక్కటే, దీన్ని కూడా దొంగదనిపించుకుని వదలడం తన వల్ల కావడం లేదు.

ముప్పై అయ్యేసరికి కాళ్ళు కలిసిపోయాయి. నలభైకి వెనక నవ్వులు ఆగిపోయాయి. అరవై అని సిపాయి ఆపాడు. కోటిబాబు దిగలేదు. డెబ్భై, ఎనభై. కుర్రాళ్ళు వరస చెదిరి చుట్టూ చేరారు. తొంభై దగ్గర సార్జెంటు కుర్చీలోంచి లేచి, "చాలు, దిగు," అన్నాడు. ఆ గొంతులో వెటకారం లేదు.

కోటిబాబు ముందుకి ఒక్క ఊపు ఊగి వదిలాడు. రెండు పాదాలూ కలిసి దుమ్ములో దిగాయి. ఒక్క అడుగు కూడా తూలలేదు. చేతులు రెండూ వాటంతటవే పైకి లేచాయి. మెడ తిరిగి, ప్రతి పోటీలోనూ దిగగానే చూసినట్టే, గురువు ఎక్కడున్నాడో వెతుక్కుంది.

రాజమోహన్ కంచె తీగలు రెండు చేతులా పట్టుకుని ఉన్నాడు. ఆయన పెదవులు ఇంకా అంకెలు లెక్కపెడుతున్నాయి. శిష్యుడి కళ్ళు తన మీద పడగానే, ప్రతి పోటీలోనూ ఊపినట్టే, బాగుందని ఒకసారి తల ఊపాడు. ఊపాక గాని ఏం జరిగిపోయిందో ఇద్దరికీ తెలియలేదు. ముసలాయన తీగలు వదిలేసి, నోటికి అడ్డంగా చెయ్యి పెట్టుకుని, ఆ ఆడవాళ్ళ మధ్య నేల మీద కూలబడ్డాడు. కోటిబాబు చేతులు దించుకోవడం మరిచిపోయి నిలబడి ఉండగా, వెనక సార్జెంటు ఫైలు మీద నెగ్గాడని ముద్ర వేసి తరవాతి పేరు పిలిచాడు.